అలారం మోగడం వేరు, పేషెంటుని చూడటం వేరు

సంపాదకులకు నమస్కారం.

దేవుణ్ని నమ్మడం, నమ్మకపోవడం మీద మూడు వారాలుగా మీ పేజీలో పాఠకులు వాదించుకుంటున్నారు. నేనూ వరసగా చదువుతున్నాను. భక్తి అంటే భయం తప్ప ఇంకేమీ కాదని ఒకాయన తేల్చేశారు. దానికి ఇంకొకాయన, "ఐసీయూ గుమ్మం దాకా వెళ్లనివ్వండి, ఎవడి నాస్తికత్వమైనా అక్కడే దిగిపోతుంది" అని జవాబిచ్చారు. ఆ గుమ్మం లోపల నేను 31 ఏళ్లు ఉన్నాను. స్టాఫ్ నర్సుగా చేరి హెడ్ నర్సుగా రిటైరయ్యాను. అందుకని నాకూ ఒక మాట చెప్పాలనిపించింది. ఉత్తరం కొంచెం పెద్దదే. కత్తిరించాల్సి వస్తే పేర్లూ సంవత్సరాలూ కత్తిరించండి, మా అమ్మ అన్న మాట మాత్రం ఉంచండి.

ఆ రెండో ఆయన చెప్పింది సగం నిజం. అర్ధరాత్రి దాటాక వెంటిలేటర్ పెట్టాలి, సంతకం చేయండి అని కాగితం ఇస్తే, అంతవరకూ దేనికీ తల వంచని మనిషి "సిస్టర్, మీకు తెలిసిన ప్రార్థన ఏదైనా ఉంటే చెప్పరా" అని అడగడం నేను చెవులారా విన్నాను. రోజంతా దేవుడి పేరే నోట్లో ఉండే మనుషులు, లోపలి నుంచి కబురు విన్నాక ఆ పేరు మళ్లీ ఎత్తకుండా వెళ్లిపోవడమూ చూశాను. ఏ దేవుణ్నీ నమ్మనని చేరిన రోజే చెప్పిన పెద్దాయన ఒకరుండేవారు. పోయే ముందు రోజు ఆయన అడిగిందల్లా కిటికీ తెర పక్కకి జరపమని. ఎండ మొహం మీద పడుతుందండీ అన్నా వినలేదు. ఆయన నాస్తికత్వం ఏ గుమ్మం దగ్గరా దిగలేదు.

ఎదుటివాళ్ల సంగతి చెప్పేముందు నా సంగతి చెప్పుకోవాలి. ఐసీయూలో మేమెవ్వరం "ఇవాళ డ్యూటీ ఖాళీగా ఉంది" అనం. అన్నామంటే అరగంటలో రెండు ఎమర్జెన్సీలు వచ్చి పడతాయని గట్టి నమ్మకం. కొత్తగా చేరిన పిల్ల ఒకతి తెలియక అనేసింది. ఆ రాత్రి మూడు కేసులొచ్చాయి. తెల్లారేదాకా ఆ పిల్లతో ఎవరం సరిగ్గా మాట్లాడలేదు. నేను కూడా! దేవుడి విషయంలోనే నాకు అనుమానాలు మొదలై అప్పటికి చాలా ఏళ్లయింది, ఆ మాటకున్న మహిమ మీద మాత్రం అనుమానం రాలేదు. ఖాళీగా ఉందని అన్నా ఎవరూ రాని రాత్రులు ఎన్నో ఉండే ఉంటాయి. వాటిని మేం లెక్కపెట్టలేదు.

రిటైరయ్యాక మా అమ్మాయి సైకాలజీ పుస్తకాలు ఇంట్లో మిగిలిపోతే చదవడం మొదలుపెట్టాను. బి.ఎఫ్. స్కిన్నర్ అనే ఆయన 1948లో పావురాల మీద చేసిన ప్రయోగం కనబడింది. పావురం ఏం చేసినా చేయకపోయినా నిర్ణీత సమయానికి గింజలు వచ్చి పడేలా ఏర్పాటు చేశాడు. కొన్నాళ్లకి ఒక పావురం గుండ్రంగా తిరగడం, ఇంకోటి పంజరం మూలకి తల పొడవడం మొదలుపెట్టాయట, గింజలు దాని వల్లే వస్తున్నట్టు. తర్వాతివాళ్లు ఆ ప్రయోగానికి వేరే అర్థం చెప్పారు, ఆ గొడవలోకి నేను వెళ్లను. నాకు మాత్రం మా నైట్ డ్యూటీ స్టాఫంతా ఒక్కసారి కళ్లముందు మెదిలారు.

ఇంకా బాగా అతికింది మలినోవ్‌స్కీ అనే మానవశాస్త్రవేత్త రాసింది. మొదటి ప్రపంచయుద్ధం రోజుల్లో ఆయన న్యూగినీ దగ్గరి ట్రోబ్రియండ్ దీవుల్లో ఉండి అక్కడి జాలర్లని చూశాడు. ఒడ్డు లోపలి నిశ్చలమైన నీళ్లలో చేపలు పట్టేవాళ్లు తమ నైపుణ్యాన్నే నమ్ముకునేవారు. నడి సముద్రంలోకి వెళ్లేవాళ్లకి మాత్రం మంత్రాలూ తంతులూ ఉండేవి. అంటే తెలివితక్కువవాళ్లు మంత్రాలు నమ్మారని కాదు, ఇద్దరివీ అవే చేతులు, అవే తెలివితేటలు. చేతిలో లేనిది ఎక్కువయ్యేకొద్దీ మనిషి ఇంకేదో పట్టుకుంటాడు. నేను జనరల్ వార్డులో చేసిన నాలుగేళ్లలో "ఖాళీగా ఉంది" అన్న మాటని ఎవరూ ఇంతగా పట్టించుకోలేదు. ఐసీయూ అంటే మాకు నడి సముద్రం.

ఇక అలారం సంగతి. నేను ఈ ఉత్తరం రాయడానికి కూర్చున్నది దీనికోసమే.

మానిటర్ ఎలా మోగుతుందో చూసినవాళ్లకి తెలుసు. వేలికి పెట్టిన క్లిప్పు కాస్త జారితే చాలు, ఆక్సిజన్ పడిపోయిందని గోల పెడుతుంది. ఛాతీ మీది స్టిక్కర్ చెమటకి ఊడితే గుండె ఆగిపోయినట్టు గీత చదునుగా వచ్చేస్తుంది. పేషెంటు దగ్గినా మోగుడే, పక్కకి ఒత్తిగిల్లినా మోగుడే. డ్యూటీ దిగి ఇంటికొచ్చి స్నానం చేస్తుంటే నీళ్ల చప్పుడులోంచి కూడా ఆ బీప్ వినబడేది. మోగినవాటిలో ఎక్కువ భాగం ఉత్తుత్తివే. అలాంటప్పుడు కొంచెం సడలించి పెట్టుకోవచ్చు కదా అని బయటివాళ్లు అడుగుతారు. పెట్టుకోం. ఊరికే వంద సార్లు లేచి వెళ్తే పోయేది మా నడుములే. మోగాల్సిన ఒక్కసారి మోగకపోతే మనిషి పోతాడు.

మతాన్ని మానసిక శాస్త్రం వైపు నుంచి చూసే జస్టిన్ బారెట్ లాంటివాళ్లు మన మెదడూ ఇలాగే తయారైందంటారు. పొద వెనక గలగలమంటే గాలే కావచ్చు, మృగమూ కావచ్చు. గాలిని మృగమనుకుని పరిగెత్తినవాడికి ఆయాసం మిగిలింది. మృగాన్ని గాలనుకున్నవాడు మిగల్లేదు. కాబట్టి ఎవరో ఉన్నారు, ఎవరో చేశారు అని తొందరగా అనుకునే గుణం మనకి వారసత్వంగా వచ్చిందని వాళ్ల లెక్క. 1944లో హైడర్, సిమ్మెల్ అనే ఇద్దరు రెండు త్రికోణాలూ ఒక వృత్తమూ అటూ ఇటూ కదిలే చిన్న బొమ్మల చిత్రం చూపించి, ఏం చూశారో చెప్పమన్నారు. పెద్ద త్రికోణం దుర్మార్గుడనీ, చిన్నవాటిని తరుముతున్నాడనీ చూసినవాళ్లు కథలు చెప్పారు. చిన్నపిల్లలైతే ఇంకా ముందుంటారు. రాళ్లు మొనదేలి ఎందుకున్నాయని అడిగితే, జంతువులు దురద పుడితే గోక్కోవడానికి అన్నట్టు చెబుతారని డెబొరా కెలెమన్ పరిశోధనల్లో తేలింది. ప్రతిదీ ఎందుకోసమో ఉందనుకోవడం మనకి ఎవరూ నేర్పకుండానే వస్తుందన్నమాట.

ఇక్కడిదాకా చదివి మీ మొదటి పాఠకుడు "చూశారా, నేను చెప్పింది ఇదే" అంటారు. ఒక్క క్షణం ఆగమని మనవి.

ఒక రాత్రి మూడో నంబరు బెడ్ దగ్గర మానిటర్ ఆరుసార్లు మోగింది. ఆరుసార్లూ క్లిప్పే. పేషెంటు నిద్రలో చెయ్యి విదిలిస్తున్నాడు. ఏడోసారి మోగేసరికి నా జూనియర్ కుర్చీలోంచి లేవకుండానే "మళ్లీ క్లిప్పే అక్కా" అంది, సైలెన్స్ బటన్ నొక్కింది. ఆ పిల్లని తప్పుపట్టను, ఆ టైంలో నేనూ అదే అనుకున్నాను. కాళ్లు మాత్రం అలవాటు కొద్దీ లేచాయి. వెళ్లి చూస్తే క్లిప్పు వేలికే ఉంది. పెదాలు నీలంగా ఉన్నాయి.

ఆ పిల్ల చెప్పిన కారణంలో తప్పేమీ లేదు. మిషన్ ఊరికే మోగేలా పెట్టారన్నదీ నిజం, అంతకుముందు ఆరుసార్లు క్లిప్పేనన్నదీ నిజం. అయినా ఆ రెండు నిజాలూ కలిసి మంచం మీది మనిషి ఎలా ఉన్నాడో చెప్పలేవు. నమ్మకం ఎక్కడి నుంచి పుట్టిందో చెప్పేసి, అది అబద్ధమని రుజువు చేశాననుకునేవాళ్లు కుర్చీలోంచి లేవకుండా బటన్ నొక్కుతున్నారు. అటువైపు వాళ్లూ తక్కువేం కాదు. "నా మనసుకి తెలుస్తోంది, అంతే" అనడమంటే, మోగింది కాబట్టి పేషెంటు పోతున్నాడని కేకలు పెట్టడమే. మొదటి ఆరుసార్లూ అలా కేకలు పెట్టి ఉంటే మమ్మల్ని ఉద్యోగంలోంచి తీసేసేవాళ్లు.

ఇంకో తమాషా గమనించాను. ఈ కారణాలు వెతికే పని మనం ఎప్పుడూ ఎదుటివాడి మీదే చేస్తాం. మన దగ్గరున్నవి ఆధారాలు, వాడి దగ్గరున్నవి బలహీనతలు. 1927లో ఫ్రాయిడ్, మతమంటే పసితనంలో తండ్రి నీడని వెతుక్కునే కోరికేనన్నాడు. ఉండొచ్చు. కానీ కోరిక ఒకవైపే పనిచేస్తుందా? అమెరికన్ తత్వవేత్త థామస్ నేగెల్ నాస్తికుడు. దేవుడు ఉండకూడదనే తాను కోరుకుంటున్నానని, లోకం అలా ఉండటం తనకి ఇష్టం లేదని 1997లో దాపరికం లేకుండా రాశాడు. ఆ నిజాయితీకి నేను దండం పెడతాను. పైన ఎవరూ లెక్క రాయడం లేదనుకుంటే కొందరికి గుండె బరువు దిగుతుంది, ఎవరో రాస్తున్నారనుకుంటే ఇంకొందరికి దిగుతుంది. బరువు దిగిందన్నది రెండువైపులా సాక్ష్యంగా పనికిరాదు.

అయితే నేను సందేహం వైపు ఎందుకు జరిగానో చెప్పాలి కదా. దాని వెనక పెద్ద తత్వశాస్త్రం ఏమీ లేదు.

డిశ్చార్జి అయి వెళ్లినవాళ్లు కొన్నాళ్లకి మళ్లీ వచ్చేవారు. "మీరూ పైనున్న ఆయనా కలిసి బతికించారు సిస్టర్" అని చేతులు పట్టుకునేవారు. ఎంత సంతోషంగా ఉండేదో! కానీ అలా వచ్చేవాళ్లంతా బతికినవాళ్ల తాలూకు మనుషులే. అదే మంచం మీద, అదే వారంలో, అంతే గట్టిగా ప్రార్థించి మనిషిని పోగొట్టుకున్నవాళ్లు ఎందుకొస్తారు మళ్లీ? ఇది నాకొక్కదానికే తట్టిందనుకున్నాను. రెండు వేల ఏళ్ల కిందటే సిసెరో అనే రోమన్ రచయిత ఇలాంటి కథ రాశాడట. ఓడ మునుగుతుంటే మొక్కుకుని బతికి బయటపడ్డవాళ్ల బొమ్మలు చూపించి, ఇప్పటికైనా నమ్ముతావా అని డయాగొరస్ అనే నాస్తికుణ్ని అడిగారు. మొక్కుకుని కూడా మునిగిపోయినవాళ్ల బొమ్మలు ఎక్కడున్నాయని అతను తిరిగి అడిగాడు. సిసెరో చదివినవాళ్లకి అదొక చమత్కారం. నాకు ఆ మునిగినవాళ్ల మొహాలు తెలుసు, కొందరి కళ్లు మూసింది ఈ చేతులే.

ప్రార్థన పనిచేస్తుందో లేదో కొలిచి చూసినవాళ్లూ ఉన్నారు. 2006లో అమెరికాలో 1,802 మంది బైపాస్ ఆపరేషన్ పేషెంట్ల మీద జరిగిన పరిశోధన ఫలితాలు వచ్చాయి. తమకోసం ఎవరైనా ప్రార్థిస్తున్నారో లేదో తెలియని రెండు గుంపుల్లో, ప్రార్థన జరిగినవాళ్లలో 52 శాతం మందికి, జరగనివాళ్లలో 51 శాతం మందికి కాంప్లికేషన్లు వచ్చాయి. మీకోసం తప్పకుండా ప్రార్థిస్తారని ముందే చెప్పిన మూడో గుంపులో 59 శాతం. ఇది చూపించి నాస్తికులు చప్పట్లు కొడితే, దేవుణ్ని పరీక్షలో కూర్చోబెడతారా అని భక్తులు కోప్పడ్డారు. నాకు ఆ 59 చూసి ఆశ్చర్యం వేయలేదు. డాక్టర్ బయటికొచ్చి "ఇక ప్రార్థించండి" అన్నాడంటే, లోపలున్న పేషెంటుకి దానర్థం "నీ కేసు అయిపోయింది" అనే. టెన్షన్ పెరగక ఏమవుతుంది?

మా తమ్ముడి విషయానికొస్తాను. వాడు పదకొండు రోజులు వెంటిలేటర్ మీద ఉన్నాడు. వయసు 38. అమ్మ బయట బెంచీ మీద కూర్చుని ప్రార్థన చేసేది, నేను లోపల నిలబడి అంకెలు చూసేదాన్ని. తొమ్మిదో రోజుకే ఆ అంకెలు నాకు అర్థమయ్యాయి, అమ్మకి చెప్పలేదు. వాడు పోయిన తర్వాత నాలో ఏదో ఆరిపోయింది. అమ్మకి నమ్మకం ఇంకా ఎక్కువైంది. నాకు ఒళ్లు మండిపోయి ఒకరోజు అడిగేశాను, "ఇంత జరిగాక కూడా ఎలా దండం పెడతావే అమ్మా?" అని. అమ్మ మెల్లిగా అంది: "పదకొండు రోజులు వాణ్ని మీ మిషన్ల చేతుల్లో పెట్టాను కదే. ఇప్పుడు ఇంకెవరి చేతుల్లోనైనా పెట్టాలి కదా. ఊరికే వదిలేయమంటావా వాణ్ని?"

ఒకే ఇల్లు, ఒకే చావు. బాధ వల్లే భక్తి పుడుతుందనే ఆయన మా అమ్మని ఉదాహరణగా తీసుకోవచ్చు, బాధ వల్లే నాస్తికులవుతారనే ఆయన నన్ను తీసుకోవచ్చు. డార్విన్ నమ్మకం సడలిన కథ చెప్పేటప్పుడు కూడా ఆయన జీవితం రాసినవాళ్లలో కొందరు, సిద్ధాంతంతో పాటు 1851లో పదేళ్లకే పోయిన కూతురు యానీని తలుస్తారు. అంత మంచివాడూ అంత శక్తిమంతుడూ అయిన దేవుడు ఉంటే ఈ బాధ ఎందుకన్న ప్రశ్న ఎపిక్యురస్ అనే గ్రీకు తత్వవేత్త పేరు మీద ఎన్నో శతాబ్దాలుగా నడుస్తోంది. మనిషికి స్వేచ్ఛ ఇచ్చాడు కాబట్టి అంటారు, కష్టాలతో ఆత్మ పదునెక్కుతుంది అంటారు. స్టాఫ్ రూంలో కూర్చుని వింటే ఆ జవాబులు బాగానే ఉంటాయి. బెడ్ పక్కన నిలబడి నేను ఎవరికీ చెప్పలేకపోయాను.

అలాగని ఆధారం దొరికేదాకా దేన్నీ నమ్మకూడదనేవాళ్లతో కూడా పూర్తిగా కలవలేను. 1877లో క్లిఫర్డ్ అనే గణితవేత్త ఒక ఓడ యజమాని కథ చెప్పాడు. ఓడ పాతబడిందని తెలిసీ, ఇన్నిసార్లు వెళ్లొచ్చింది, దేవుడే చూసుకుంటాడని మనసుకి సర్దిచెప్పుకుని జనాన్ని ఎక్కించి పంపాడు. ఓడ మునిగింది. ఒకవేళ మునగకపోయినా ఆ యజమాని తప్పుచేసినట్టేనంటాడు క్లిఫర్డ్. మందు డోసు దగ్గర నేను నూటికి నూరుపాళ్లు క్లిఫర్డ్ మనిషిని. కానీ 1896లో అమెరికన్ తత్వవేత్త విలియం జేమ్స్ ఇచ్చిన జవాబూ నాకు తెలిసిందే. కొన్ని నిర్ణయాలు ఆధారాలు వచ్చేదాకా ఆగవు, ఏమీ తేల్చకపోవడం కూడా ఒకటి తేల్చినట్టే అంటాడాయన. వెంటిలేటర్ కాగితం చేతిలో పట్టుకున్న మనిషికి ఇది ఎవరూ బోధించక్కర్లేదు. సంతకం పెట్టకపోవడమూ సంతకం లాంటిదే. అయితే జేమ్స్‌ని అడ్డుపెట్టుకుని ఏది పడితే అది నమ్మేయొచ్చనుకునేవాళ్లని చూస్తే ఆ ఓడ యజమానే గుర్తొస్తాడు.

మీ పాఠకుల్లో ఒకరు సందేహం మన సంప్రదాయంలో లేదని, పడమటి నుంచి వచ్చిందని రాశారు. దీనికి పెద్ద జవాబు అక్కర్లేదు. ఋగ్వేదంలోని నాసదీయ సూక్తం సృష్టి గురించి అడుగుతూ అడుగుతూ, పైనుండి చూసేవాడికి తెలిసే ఉంటుంది, లేదా ఆయనకీ తెలియదేమో అని ఆగిపోతుంది. వేదాన్ని నెత్తిన పెట్టుకున్న మీమాంసకులు సృష్టికర్త ఉన్నాడంటే ఒప్పుకోలేదు. పోతన గారి ఏనుగు సంగతి మనందరికీ చిన్నప్పుడే తెలుసు. మొసలి కాలు పట్టి లాగుతుంటే, కలడు కలండనేవాడు "కలడో లేడో" అనేసింది. లావొక్కింతయు లేదని మొరపెట్టుకోవడం ఆ తర్వాతి మాట. అనుమానం వచ్చిందని దాని మొర చెల్లకుండా పోలేదు. మదర్ థెరిసా పోయిన పదేళ్లకి, 2007లో, ఆమె ఉత్తరాలు అచ్చయ్యాయి. దాదాపు యాభై ఏళ్లు లోపలంతా చీకటేనని, దేవుడు ఉన్నట్టే తోచడం లేదని అందులో ఉంది. ఆ యాభై ఏళ్లూ ఆమె పొద్దున్నే లేచి పనికి వెళ్లింది. ఈవిణ్ని ఎటువైపు రాసుకుంటారో మీ ఇద్దరు పాఠకులూ మాట్లాడుకుని తేల్చుకోవాలి.

నేను ఎటువైపని అడుగుతారేమో. రిటైరవడానికి రెండు నెలల ముందు, మర్నాడు ఆపరేషన్ ఉన్న ఒక పెద్దాయన సూటిగా అడిగారు. "నువ్వు దేవుణ్ని నమ్ముతావా అమ్మా?"

"తెలియదు బాబాయ్ గారూ" అన్నాను.

"మరి నాకోసం ప్రార్థన చేస్తావా?"

"ముందు బీపీ చూడనివ్వండి, తర్వాత చేస్తాను."

ఆయన నవ్వారు. నవ్వితే రీడింగ్ తేడా వస్తుంది కాసేపు మాట్లాడకండి అని కోప్పడ్డాను. రీడింగ్ రాసుకున్నాక, మాట ఇచ్చాను కాబట్టి, ఆయన మంచం పక్కనే నిలబడి చేశాను. ఎవరికని మీరడిగితే నా దగ్గర జవాబు లేదు. కళ్లు మాత్రం మూసుకోలేదు, మానిటర్ వైపే ఉన్నాయి.

ఇట్లు,
రిటైరైన ఒక హెడ్ నర్సు
(పేరు వేయవద్దని మనవి)